సంతకం పెట్టిన మనవరాలికి

అమ్మడూ,

సంక్రాంతికి వచ్చినప్పుడు చెప్పావు గుర్తుందా, హైటెక్ సిటీలో మీ ఆఫీసులో గే, లెస్బియన్ ఉద్యోగుల కోసం ఒక గ్రూపు ఉందనీ, వాళ్లతో కలిసి బతికేవాళ్లకూ కంపెనీ ఇన్సూరెన్స్ ఇవ్వాలని అడిగే కాగితం మీద నువ్వూ సంతకం పెట్టావనీ. నేనేమీ మాట్లాడకపోయేసరికి తాతయ్యకు నచ్చలేదనుకుని ఉంటావు. కాదురా బంగారం, గొంతు పెగల్లేదు. నీ ఈడు పిల్లలందరూ చదవాలనే ఇలా రాస్తున్నాను.

విజయవాడలో ముప్ఫై ఏళ్లు యూనియన్‌లో తిరిగినవాణ్ణి. డీఏ కోసం, బోనస్ కోసం లెనిన్ సెంటర్‌లో మండుటెండలో కూర్చున్నాం. ఒకణ్ణి సస్పెండ్ చేస్తే అందరం పని ఆపేసేవాళ్లం. మా సెక్షన్‌లోనే ఒకతను ఉండేవాడు. అతని నడకనీ గొంతునీ వెక్కిరించేవాళ్లు, క్యాంటీన్‌లో పక్కన కూర్చునేవాళ్లు కాదు. తానేమిటో అతనెప్పుడూ చెప్పలేదు, మా నోళ్లే తేల్చేశాయి. చివరికి బదిలీ పెట్టుకున్నాడు. ఆ దరఖాస్తు నా చేతి మీదుగానే వెళ్లింది. ఎందుకయ్యా వెళ్తున్నావని ఒక్క మాట అడగలేదు. అది సంఘం పని కాదనుకున్నాను. తప్పు చేశాను తల్లీ.

మేం చేయని పని వేరేచోట చేశారు. మన గుడివాడ, ఉయ్యూరు పిల్లలు పనిచేసే అమెరికాలోని రెడ్మండ్‌లోనే, 2005లో ఏం జరిగిందో తెలుసా? గే ఉద్యోగులకు రక్షణ ఇచ్చే బిల్లు వాషింగ్టన్ రాష్ట్రంలో వస్తే మైక్రోసాఫ్ట్ తటస్థంగా ఉండిపోయింది. సెనేట్‌లో బిల్లు ఒక్క ఓటుతో పోయింది. వెయ్యిమందికి పైగా ఉద్యోగులు సంతకాలతో నిలదీస్తే, మే నెలలో అప్పటి మైక్రోసాఫ్ట్ సీఈవో స్టీవ్ బామర్ దిగొచ్చాడు. మరుసటేడు అది చట్టమైంది. మన దగ్గర 2018 సెప్టెంబరు 6న సుప్రీంకోర్టు స్వలింగ ప్రేమ నేరం కాదంది. 2019లో టాటా స్టీల్ స్వలింగ భాగస్వాములకూ ఉద్యోగి కుటుంబానికిచ్చే సౌకర్యాలు ఇచ్చింది. కానీ గే, లెస్బియన్ అన్న కారణంతో ప్రైవేటు కంపెనీ పనిలోంచి తీసేయకుండా ఆపే ప్రత్యేక చట్టం ఇంకా రాలేదు. అమెరికాలో ఈ మధ్య కొన్ని పెద్ద కంపెనీలు ఇలాంటి కార్యక్రమాలు తగ్గించుకుంటున్నాయంటే నాకు భయంగా ఉంది. ఎవరి అప్రైజల్ వాళ్లది, ఎవరి ఉద్యోగం వాళ్లది అనుకునే చోట, పక్కవాడి కోసం పని ఆపే అలవాటు నీ చేతుల్లోనైనా బతకాలమ్మా. ఒక్కటి మాత్రం జాగ్రత్త. ఎవరి సంగతి వాళ్లు చెప్పుకునేదాకా నీ నోట రానీకు, ఎంత మంచి కోసమైనా సరే.

బదిలీ పెట్టుకున్న ఆ మనిషి ఊరు అవనిగడ్డ వైపని గుర్తు. ఈ వేసవిలో వచ్చినప్పుడు నన్నొకసారి అటు తీసుకెళ్లు. చల్లగా ఉండు తల్లీ.

మీ తాతయ్య