తల్లి మనసు, గుడ్డ బొమ్మ

“ఏడ్చినప్పుడల్లా ఎత్తుకుంటే చంక మరుగుతాడమ్మా!” అని చూడవచ్చిన వారెవరో అంటారు. తొలిచూలు తల్లి చాచిన చేతులు అక్కడే ఆగిపోతాయి. ఈ మాసం ఆ సంగతే ముచ్చటించుకుందాము.

ఈ భయం మన ఇండ్లలోనిదే కాదు. 1928లో అమెరికాలో జాన్ వాట్సన్ అనే మనస్తత్వ శాస్త్రజ్ఞుడు ఒక గ్రంథం వ్రాసి, బిడ్డలను ముద్దాడవద్దనీ, ఒడిలో కూర్చోబెట్టుకోవద్దనీ తల్లులకు బోధించాడు. 1946లో డాక్టర్ బెంజమిన్ స్పాక్ అందుకు విరుద్ధంగా, తల్లి తన మనసును నమ్ముకోవాలని ధైర్యం చెప్పాడు.

మరి నిజమేది? విస్కాన్సిన్ విశ్వవిద్యాలయంలో హ్యారీ హార్లో అనే ఆచార్యుడు కోతిపిల్లలకు రెండు బొమ్మతల్లులను చేయించాడు. ఒకటి వట్టి తీగెల అల్లిక. రెండవది కొయ్యదిమ్మకు స్పాంజి రబ్బరు చుట్టి, పైన తువ్వాలు గుడ్డ తొడిగి, వెచ్చదనానికి వెనుక దీపపు బల్బు అమర్చినది. పాలసీసా తీగెబొమ్మకే ఉన్నా, పిల్లలు పాలు త్రాగి వచ్చి గుడ్డబొమ్మనే కరచుకొని ఉండేవి. ఈ ఫలితాలు 1958లో వెలువడినవి. అయితే తల్లీ తోడూ లేక బొమ్మలతోనే పెరిగిన కోతులు, పెద్దవై తోటి కోతులతో కలిసి మెలగలేకపోయినవి. మూగజీవులను తల్లికి ఎడబాపి తెలుసుకున్న సత్యమిది; తలచుకుంటే మాకు కష్టంగానే ఉంటుంది.

1978 ప్రాంతాన కొలంబియాలోని బొగోటా నగరంలో ఇన్‌క్యుబేటర్లు చాలక, డాక్టర్ ఎడ్గార్ రే తక్కువ బరువు పిల్లలను తల్లి రొమ్ముకే హత్తించి ఉంచాడు. దానికే ‘కంగారూ తల్లి సంరక్షణ’ అని పేరు. నేడు ప్రపంచ ఆరోగ్య సంస్థ కూడ దానిని సిఫారసు చేస్తున్నది.

అట్లని మనసే సర్వజ్ఞ అనుకోరాదు. ఆ స్పాక్‌గారే తరువాతి ముద్రణలలో పసివారిని బోర్లా పరుండబెట్టమన్నాడు. వెల్లకిల పరుండబెడితేనే నిద్రలో హఠాన్మరణాలు తగ్గుతాయని తరువాత లెక్కలు తేల్చినవి. ఇట్టివి ఏ తల్లి మనసుకూ వాటంతట అవి తోచేవి కావు. టీకాలు, మందుల మోతాదు కూడ అంతే. అవి డాక్టరు నడిగే చేయాలి.

కాని “బిడ్డ ఎప్పటివలె లేడు” అని తల్లికి తోచినప్పుడు, ఇరుగుపొరుగు “ఏమీ కాదులే” అన్నంత మాత్రాన ఊరుకోరాదు. వెంటనే ఆసుపత్రికి తీసుకుపోవాలి. ఇక ఏడ్చే బిడ్డను ఎత్తుకొనడానికంటారా, సోదరీమణులారా, దానికి ఎవరి అనుమతీ అక్కరలేదు.