మన్రో ఋషి కాదు, కలెక్టరు

రాయలసీమ మిత్రులు సర్ థామస్ మన్రోను 'మాండవ ఋషి' అని తలచుకొన్న ప్రతిసారీ నాకు ఒళ్ళు మండుతుంది. నేరేడుచర్లవాడికి మన్రోతో ఏం పని అంటారేమో. 1800లో కంపెనీ పటాలాల ఖర్చు కింద నిజాము ఆ జిల్లాలను ధారపోయకుంటే మీకూ మాకూ ఒకటే సర్కారు ఉండేది. పైగా 'దొర' అన్న మాట వస్తే మా నాయనమ్మ గొంతు తగ్గించేది. అటువంటి ఇంట్లో పెరిగినవాడికి దొరను దేవుణ్ణి చేయడం మింగుడు పడదు.

మంత్రాలయం కథ అందరూ ఎరిగినదే. మఠం మాన్యం విచారించడానికి వెళ్ళిన కలెక్టరుతో రాఘవేంద్రస్వామి బృందావనం నుండి మాట్లాడాడనీ, మాన్యం నిలిచిందనీ. నమ్మేవారు నమ్మండి, నాకు తగవు లేదు. ఆ కథ నీడలో 1807 నాటి సిఫారసు కనుమరుగైపోవడమే నా బాధ. చేలు కొలిపించి, పంటలో ఇంచుమించు సగం విలువను శిస్తుగా కట్టినవాడే, ఇది రైతు మోయగల బరువు కాదని, నూటికి 25 వంతులు, బావుల కింది తోటలకైతే 33 వంతులు తగ్గించమని పైకి రాశాడు. పైవారు వినలేదు. ఊళ్ళను గుత్తకిచ్చారు. 1820లో ఆయనే మద్రాసు గవర్నరుగా వచ్చేదాకా రైతుకు ఆ ఊరట లేదు. ఒక మఠం మాన్యం మిగిలినందుకు ఋషి అయ్యాడు గాని, ఈ పనికి ఎవరు దండం పెట్టారు? (పాలెగార్లను అణచిన చెయ్యి కూడా అదేనని మరవకండి. ఆ మంట 1846లో ఉయ్యాలవాడ నరసింహారెడ్డిదాకా రగులుతూనే ఉంది.)

చావునూ వదల్లేదు. గండి దగ్గర బంగారు తోరణం కనబడిందట, అది కనబడినవాడు బతకడట! పదవి వదలిపోబోతూ, తాను కలెక్టరీ చేసిన సీమను కడసారి చూడవచ్చిన 66 ఏళ్ళ ముసలాయన, 1827 జులై 6న పత్తికొండలో కలరాతో పోయాడు. ఉదయం జబ్బు, రాత్రికి ప్రాణం లేదు. ఆ ఏళ్ళలో అదే జబ్బుతో పోయిన కూలివాళ్ళకు ఏ తోరణం కనబడింది?

గుత్తిలో పూడ్చి, 1831లో మద్రాసు కోటలోని సెయింట్ మేరీ చర్చికి తరలించారు. పత్తికొండలో ఆయన పేర చింతతోపు వేసి, మెట్లబావి కట్టించారు. కలరాతో పోయినవాడికి మంచినీళ్ళ బావి! ఆ వైపు వెళ్ళేవారెవరైనా ఉంటే, తోరణం మాట అటుంచి, ఆ బావిలో నీళ్ళున్నాయో లేవో చూసి రాయండి.