రింగు ఎవరిది?

మహిళల ప్రొఫెషనల్ రెజ్లింగ్ ప్రస్తావన వచ్చినప్పుడల్లా రెండే రెండు మాటలు వినిపిస్తాయి. ‘అదంతా ఉత్త నాటకం, ముందే మాట్లాడుకుని కొట్టుకుంటారు’ అనేది మొదటిది. ‘అది పితృస్వామ్యం మీద స్త్రీ శరీరం చేసే తిరుగుబాటు’ అనేది రెండోది. మొదటి మాటకు జవాబు చెప్పడం తేలిక. ఎవరు గెలవాలో ముందే అనుకున్నంత మాత్రాన వీపు నేలకు కొట్టుకున్నప్పుడు నొప్పి పుట్టకుండా ఉండదు. నా పేచీ రెండో మాటతో. ఎందుకంటే అది మన మాట. స్త్రీవాద విమర్శ చదువుకున్నవాళ్ళం, పాఠాలు చెప్పేవాళ్ళం, మనమే ఆ మాట అంటున్నాం. 2024లో నెట్‌ఫ్లిక్స్‌లో జపాన్ రెజ్లర్ డంప్ మత్సుమోతో జీవితం ఆధారంగా ‘ది క్వీన్ ఆఫ్ విలన్స్’ అనే సీరియల్ వచ్చాక ఇంకాస్త ఉత్సాహంగా అంటున్నాం.

ఆ సీరియల్‌లో డంప్‌కు ఎదురు నిలిచే చిగుసా నగాయో కల్పిత పాత్ర కాదు. అందులోని రెజ్లింగ్ దృశ్యాలను పర్యవేక్షించింది కూడా ఆమే. ఆమె వృత్తి జీవితాన్ని మొదటినుంచీ చూస్తే మన ‘తిరుగుబాటు’ సిద్ధాంతం అంత సులువుగా నిలబడదు.

నగాయో 1964లో నాగసాకి ప్రాంతంలోని ఓమురాలో పుట్టింది. తండ్రి మోటారు పడవల పందేల్లో పాల్గొనేవాడు. 1980లో, పదిహేనేళ్ళ వయసులో, ‘ఆల్ జపాన్ విమెన్స్ ప్రో రెజ్లింగ్’ సంస్థ తరఫున ఆమె మొదటిసారి రింగులోకి దిగింది. 1968లో మొదలైన ఆ సంస్థకు యజమానులు మత్సునాగా సోదరులు. ఫుజి టెలివిజన్ ఆ పోటీలను ప్రసారం చేసేది. సంస్థలో చేరిన అమ్మాయిలకు మూడు నిషేధాలుండేవి: మద్యం, పొగ, మగవాళ్ళు. నాలుగో నియమం ఈ మూడింటినీ మించింది. ఇరవై అయిదేళ్ళు వచ్చేసరికి రింగు వదిలి వెళ్ళిపోవాలి.

1983లో లయనెస్ అసుకాతో కలిసి నగాయో ‘క్రష్ గాల్స్’ జంటగా ఏర్పడింది. ఆ జంట పాటల రికార్డులు కూడా వచ్చాయి. పోటీలు జరిగే హాళ్ళు నిండింది మగవాళ్ళతో కాదు, బడి వయసు అమ్మాయిలతో. 1985 ఆగస్టు 28న ఒసాకా-జో హాలులో నగాయోకూ డంప్‌కూ పోటీ పెట్టారు. ఓడినవాళ్ళకు అక్కడే గుండు గీస్తారని షరతు. నగాయో ఓడింది. నెత్తురోడుతున్న ఆమెను రింగు మధ్యలో కూర్చోబెట్టి జుట్టు తీసేశారు. చుట్టూ ఉన్న అమ్మాయిలు వెక్కివెక్కి ఏడ్చారు. మరుసటి ఏడాది మళ్ళీ అదే షరతు మీద పోటీ. ఈసారి డంప్ ఓడింది, గుండు ఆమె వంతైంది.

జుట్టు తీసేయడం అనే శిక్షను అర్థం చేసుకోవడానికి మనం జపాన్ దాకా వెళ్ళనక్కర్లేదు. భర్త పోయిన ఆడదాని తల గొరిగించిన ఇళ్ళు మన ముత్తవ్వల కాలం నాటివే. అందుకే ఈ దృశ్యాన్ని చదవడానికి మన దగ్గర మాటలు సిద్ధంగా ఉంటాయి. జుట్టు స్త్రీత్వానికి చిహ్నం, గుండు దాని విధ్వంసం, ఆ విధ్వంసాన్ని నలుగురిలో తలెత్తుకుని భరించడం ధిక్కారం. ఇందులో ఏదీ తప్పని నేను అనను. కానీ ఈ విశ్లేషణ కొన్ని మామూలు ప్రశ్నలు అడగదు. ఆ రాత్రి టికెట్ల డబ్బు ఎవరి పెట్టెలో పడింది? జుట్టును పందెంగా పెట్టి అమ్ముకున్న వ్యాపారం ఎవరిది? ఇద్దరు అమ్మాయిల తలలు గొరిగారు. సంస్థ మాత్రం సోదరులదే.

ఇక్కడ మనకు అడ్డం వచ్చేది మన చదువే. సాహిత్య విభాగాల్లో రెజ్లింగ్ మనకు పరిచయమయ్యేది రోలా బార్త్ ద్వారా. 1957లో వచ్చిన ‘మిథాలజీస్’లో ఆయన రెజ్లింగ్ మీద ఒక వ్యాసం రాశాడు. అది ఆట కాదు, ప్రదర్శన అనీ, బాధా ఓటమీ న్యాయమూ కంటికి స్పష్టంగా కనబడటమే అక్కడ ప్రేక్షకుడికి కావలసిందనీ ఆయన వాదం. మంచి వ్యాసమే. నేనూ క్లాసులో చెప్పాను. అయితే ఆయన రాసింది ఫ్రాన్సులోని మగ మల్లుల గురించి. అదే కళ్ళద్దాలతో పదిహేనేళ్ళ అమ్మాయిని చూస్తే ఆమె శరీరం మనకు చదువుకోవడానికి ఒక ‘పాఠం’ అయి కూర్చుంటుంది. పాఠానికి మోకాళ్ళు అరగవు. పాఠానికి వయసు మీరదు. పాఠాన్ని ఎవరూ ఉద్యోగం నుంచి తీసెయ్యరు.

పనిచేసే ఆడమనిషికి ఇవన్నీ జరుగుతాయి. ఇరవై అయిదు అనే అంకె మత్సునాగా సోదరులకు ఆకాశం నుంచి ఊడిపడలేదు. ఆ రోజుల్లో పెళ్ళికాని ఆడవాళ్ళను జపాన్‌లో ‘క్రిస్మస్ కేక్’ అని ఎగతాళి చేసేవాళ్ళు. డిసెంబరు 25 దాటిన కేకునూ, 25 ఏళ్ళు దాటిన అమ్మాయినీ అడిగేవాడుండడని దాని అర్థం. ఆఫీసుల్లో కూడా ఇదే భావజాలం. పెళ్ళయితే ఆడవాళ్ళు ఉద్యోగం మానుకోవాలనే షరతు చెల్లదని 1966లో సుమితొమో సిమెంట్ కేసులో టోక్యో జిల్లా కోర్టు చెప్పాల్సి వచ్చింది. ఆడవాళ్ళకు మగవాళ్ళకన్నా అయిదేళ్ళ ముందే పదవీ విరమణ పెట్టడం చెల్లదని 1981లో నిస్సాన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 1985 మేలో సమాన ఉపాధి అవకాశాల చట్టం వచ్చింది. విరమణ వయసులో, తొలగింపుల్లో వివక్షను అది నిషేధించింది.

తేదీలు ఒకసారి పక్కపక్కన పెట్టి చూడండి. చట్టం ఆమోదం పొందిన మూడు నెలలకు ఒసాకాలో నగాయోకు గుండు గీశారు. చట్టం అమల్లోకి వచ్చింది 1986 ఏప్రిల్‌లో. 1989 మేలో ఇరవై నాలుగేళ్ళ నగాయో, దేశంలో అంత పేరున్న మనిషి, ఆనవాయితీ ప్రకారం రింగుకు వీడ్కోలు చెప్పింది. ఆఫీసు గుమ్మం దాకా వచ్చిన చట్టం రింగు తాళ్ళు దాటి లోపలికి పోలేదు.

ఇది ఆమె ఒక్కదాని కథ కాదు. ఆమెకు ముందు, 1976లో, ‘బ్యూటీ పెయిర్’ పేరుతో జాకీ సాతో, మాకి ఉయెదా జంటగా వెలిగారు. 1979లో ఆ ఇద్దరినీ ఒకరి మీదికి ఒకరిని దింపారు. ఓడినవాళ్ళు రిటైరవ్వాలి. ఉయెదా ఓడింది, వెళ్ళిపోయింది. రెండేళ్ళకు సాతో కూడా వెళ్ళిపోయింది. అప్పటికి ఆమెకు ఇరవై మూడేళ్ళు. ఉద్యోగం ఊడటాన్ని కూడా టికెట్టు పెట్టి అమ్మగలిగిన వ్యాపారం అది! ఆడపిల్లల కోపాన్నీ బలాన్నీ పదేళ్ళకు అద్దెకు తీసుకుని, ఆ తర్వాత వాళ్ళను ఇంటికి పంపి, కొత్త పదిహేనేళ్ళ పిల్లల్ని తెచ్చుకునే పద్ధతి. దీన్ని తిరుగుబాటు అని మురిసిపోతే, గడువు తేదీ వేసి అమ్మిన సరుకుకు మనం ఉచితంగా ప్రకటన రాసిపెట్టినట్టే.

నా దృష్టిలో నగాయో జీవితంలో అసలు ఘట్టం గుండు గీసిన రాత్రి కాదు. 1993లో ఆమె మళ్ళీ రింగులోకి వచ్చింది. 1995లో తను స్థాపించిన ‘గయా జపాన్’ సంస్థ మొదటి ప్రదర్శన ఇచ్చింది. ఎప్పుడు ఆపాలో ఇతరులు నిర్ణయించిన మనిషి, ఎప్పుడు మొదలుపెట్టాలో తనే నిర్ణయించుకుంది. మన విమర్శకు ఇది పెద్దగా ఆనదు. ఇందులో నెత్తురూ కన్నీళ్ళూ తక్కువ. హాలు అద్దెలు, జీతాలు, కొత్త పిల్లల శిక్షణ ఎక్కువ.

ఇక్కడ నన్ను ఆపేవాళ్ళుంటారు. కిమ్ లాంజినోటో, జానో విలియమ్స్ కలిసి 2000లో తీసిన ‘గయా గర్ల్స్’ డాక్యుమెంటరీ చూడలేదా అంటారు. చూశాను. శిక్షణలో ఉన్న అమ్మాయిని నగాయో చెంపదెబ్బలు కొట్టడం, ఆ అమ్మాయి నెత్తుటి ముఖంతో ఏడవడం అందులో ఉన్నాయి. ఆ దెబ్బల్ని నేను సమర్థించను. ‘వాళ్ళ సంస్కృతి అంతే’ అని తప్పించుకోను కూడా. అత్తా ఒకింటి కోడలే అంటాం కదా, తనను అరగదీసిన తిరగలినే ఆమె కూడా తిప్పింది. యజమాని ఆడది అయినంత మాత్రాన పని పద్ధతి మారిపోదు. ఈ నిజాన్ని దాచిపెట్టి ఆమెను వీరవనితను చేయడం ఆ దెబ్బలు తిన్న అమ్మాయికి ద్రోహం.

అయినా ఒకటి మారింది. అది చిన్న మార్పు కాదు. 1995లో గయాలో పదిహేనేళ్ళ వయసులో తొలి పోటీ ఆడిన మెయికో సతోమురా, 2005లో గయా మూతపడ్డాక సెందాయ్ గర్ల్స్‌కు మారి, తర్వాత ఆ సంస్థను తనే నడిపింది. 2025 ఏప్రిల్‌లో రిటైరైనప్పుడు ఆమెకు నలభై అయిదేళ్ళు. అంటే ముప్ఫై ఏళ్ళ వృత్తి. ఒక తరం వెనక ఆమెకు దొరికేది పదేళ్ళు. ఆ తేడా మన ప్రతీకల విశ్లేషణలో ఎక్కడా కనబడదు, లెక్క వేస్తేనే కనబడుతుంది.

‘నాటకం’ అనేవాళ్ళ కోసం ఒక సంగతి. 2018లో సప్పొరోలో ఒక పార్కింగ్ స్థలంలో ఒక మగవాడు ఒక స్త్రీ మీద చెయ్యి చేసుకుంటుంటే నగాయో అడ్డం వెళ్ళింది. అతను ఆమె మీదా తిరగబడ్డాడు, వేలికి గాయమైంది. యాభై దాటిన ఆమెకు అతన్ని పడగొట్టడం ఒక లెక్క కాదు. కానీ తిరిగి కొట్టలేదు, రెజ్లర్‌నని చెయ్యెత్తలేదు. బలాన్ని ఎక్కడ వాడాలో, ఎక్కడ ఆపాలో తెలియడమే ఆ వృత్తి నేర్పేది. దానికి జీతం ఉండాలి, గౌరవం ఉండాలి, వయసుతో పాటు పెరిగే హక్కు ఉండాలి.

ఏడాదికేడాది ఒప్పందం మీద పాఠాలు చెబుతూ, మళ్ళీ జూన్‌లో పిలుస్తారో లేదో తెలియని నాలాంటి వాళ్ళకు గడువు తేదీ అంటే ఏమిటో తెలుసు. మనలో చాలామందికి తెలుసు. అయినా మరో స్త్రీ శ్రమ గురించి రాయడానికి కూర్చోగానే జీతం, వయసు, యాజమాన్యం అనే మాటల్ని గుమ్మం బయట వదిలేసి వస్తున్నాం. శరీర రాజకీయాలు అని నోరారా అంటాం. ఆ శరీరానికి ఎన్నేళ్ళు అని అడగం.

ఇకమీదట అడుగుదాం. రింగులోనైనా, తెరమీదైనా, వేదికమీదైనా పోరాడుతున్న ఆడమనిషి కనిపిస్తే, ఆమె ధిక్కారాన్ని పొగిడే ముందు ఆమెను ఏ వయసులో తెచ్చారో, ఏ వయసులో పంపేస్తారో, ఆ రింగు ఎవరి పేరు మీద ఉందో తెలుసుకుందాం. అవి రాయని వ్యాసం ఎంత బాగున్నా ఆ యజమానికే పనికొస్తుంది.