13-0 తర్వాత ఏమైంది?

2019 జూన్ 11. ఫ్రాన్స్‌లోని రీమ్స్‌లో మహిళల ప్రపంచకప్ మ్యాచ్. అమెరికా 13, థాయ్‌లాండ్ 0. ఒక్క అలెక్స్ మోర్గానే ఐదు గోల్స్ కొట్టింది. మహిళల ప్రపంచకప్‌లో అంత తేడాతో గెలిచిన మ్యాచ్ మరొకటి లేదు.

ఆ రాత్రి నుంచి సోషల్ మీడియాలో ఒకటే గొడవ. పదమూడో గోల్‌కి కూడా అన్ని గంతులెయ్యాలా అని అమెరికా వాళ్లను కొందరు తిట్టారు. వేస్తే తప్పేంటని కొందరు వెనకేసుకొచ్చారు. కొన్నాళ్లకు గొడవ సద్దుమణిగింది. ఓడిన అమ్మాయిలు అక్కడిదాకా ఎలా వచ్చారు, ఆ తర్వాత ఏమయ్యారు అని అడిగినవాళ్లు మాత్రం తక్కువ. అసలు కథ అక్కడే ఉంది. అందులో మనకూ కాస్త వాటా ఉంది.

థాయ్ అమ్మాయిలది ఊరూపేరూ లేని జట్టేం కాదు. 1983లో బ్యాంకాక్‌లో జరిగిన ఆసియా టోర్నీ ఫైనల్లో 3-0తో గెలిచి కప్పు ఎత్తారు. ఓడిందెవరో తెలుసా? మనమే! తర్వాత చైనా, జపాన్, కొరియాలు దూసుకుపోయాయి. మనమూ వాళ్లూ వెనకబడిపోయాం.

మళ్లీ థాయ్ జట్టుకు ఊపిరి పోసింది నువాల్‌ఫాన్ లామ్‌సామ్. అక్కడ అందరూ మేడమ్ పాంగ్ అంటారు. బాగా డబ్బున్న కుటుంబం, పెద్ద ఇన్సూరెన్స్ కంపెనీకి అధిపతి. జట్టు మేనేజర్‌గా వచ్చి సొంత డబ్బు పెట్టారు. ఫుట్‌బాల్ ఆడితే వచ్చే పైసలతో ఇల్లు గడవదు కదా! అందుకని చాలామంది ప్లేయర్లకు తన కంపెనీలోనే ఉద్యోగాలిచ్చారు. ఇంట్లోవాళ్లు ‘ఇక ఆట చాలు, ఏదైనా పని చూసుకో’ అనే అవసరం లేకుండా చేశారు.

ఫలితం కనబడింది. 2015 ప్రపంచకప్‌లో జట్ల సంఖ్య 16 నుంచి 24కి పెరిగింది. డోపింగ్ కేసులో ఉత్తర కొరియా మీద నిషేధం పడింది. ఆ అదృష్టమూ కలిసొచ్చింది. 2014లో వియత్నాంను వాళ్ల గడ్డ మీదే 2-1తో ఓడించి థాయ్‌లాండ్ తొలిసారి ప్రపంచకప్‌కి వెళ్లింది. అక్కడ ఐవరీ కోస్ట్‌ని 3-2తో గెలిచింది కూడా. థాయ్ పురుషుల జట్టు ఇప్పటిదాకా ఒక్క ప్రపంచకప్ ఆడలేదు. ఆడపిల్లలు 2019లో రెండోసారి కూడా వెళ్లారు.

ఆ రెండోసారే 13-0. ఐదు రోజుల తర్వాత స్వీడన్ చేతిలో 5-1. కానీ ఆ ఒక్క గోల్ ఉంది చూశారూ... ఆట ముగిసే నిమిషాల్లో కంజనా సుంగ్‌న్గెన్ కొట్టింది. బెంచీ దగ్గర మేడమ్ పాంగ్ వెక్కివెక్కి ఏడ్చేశారు. ఆ వీడియో చూస్తే మీ కళ్లూ చెమ్మగిల్లుతాయి.

సినిమా అయితే అక్కడ శుభం కార్డు పడేది. జీవితంలో అలా పడదు. ఆ ప్రపంచకప్ అయ్యాక మేడమ్ పాంగ్ మేనేజర్‌గా తప్పుకున్నారు. 2022లో ఆసియా కప్ మన దేశంలోనే జరిగితే, నవీ ముంబయిలో వియత్నాం చేతిలో థాయ్‌లాండ్ 2-0తో ఓడింది. 2023లో చివరి ఛాన్స్‌గా దొరికిన మ్యాచ్‌లో కామెరూన్ చేతిలోనూ 2-0. ప్రపంచకప్ పోయింది. 2025 జులై 5న సొంతగడ్డ చియాంగ్ మాయిలో ఇంకో దెబ్బ. ఈసారి కొట్టింది మన అమ్మాయిలు! సంగీతా బస్ఫోర్ రెండు గోల్స్‌తో 2-1. క్వాలిఫయింగ్ మ్యాచ్‌లు గెలిచి ఇండియా ఆసియా కప్‌కి వెళ్లడం అదే మొదటిసారి.

ఒకప్పుడు థాయ్‌లాండ్ చేతిలో ఓడిన వియత్నాం మాత్రం పైకెళ్లింది. ఎలా? 1998 నుంచి అక్కడ మహిళల జాతీయ లీగ్ ఉంది. జీతాలు గొప్పవేం కాదు. అయినా పిల్లలకు ఏటా ఆడే మ్యాచ్‌లున్నాయి, వాళ్లను తయారుచేసే జట్లున్నాయి. థాయ్‌లాండ్‌లో లీగ్ 2009లో మొదలైంది, మధ్యమధ్యలో ఆగిపోతూ వచ్చింది. తేడా ఎంతో ఒక్క స్కోరు చెబుతుంది. 2023 ప్రపంచకప్‌లో అదే అమెరికాతో వియత్నాం ఆడింది. స్కోరు 3-0. నాలుగేళ్ల క్రితం థాయ్‌లాండ్ మీద ఐదు గోల్స్ కొట్టిన అలెక్స్ మోర్గాన్ పెనాల్టీని గోల్‌కీపర్ కిమ్ థాన్ ఆపేసింది. వియత్నాం ఆ టోర్నీలో ఒక్క మ్యాచూ గెలవలేదు, ఒక్క గోలూ కొట్టలేదు. అయినా చిత్తుగా ఓడడానికీ, నిలబడి ఓడడానికీ తేడా ఉంటుంది.

దీన్నిబట్టి మేడమ్ పాంగ్‌ని తప్పుపట్టక్కర్లేదు. ఆమె లేకపోతే ఆ రెండు ప్రపంచకప్‌లూ ఉండేవి కావేమో. కానీ ఒక్క మనిషి దయ మీద నడిచే ఆటకు, ఆ మనిషి పక్కకు తప్పుకున్న రోజే పరీక్ష. జట్టుకు దాత దొరకడం అదృష్టం. పన్నెండేళ్ల పిల్లకు వచ్చే ఆదివారం ఒక మ్యాచ్ ఉండడం వ్యవస్థ. 2024లో ఆమె థాయ్ ఫుట్‌బాల్ సంఘానికే అధ్యక్షురాలయ్యారు. ఆ పదవిలో కూర్చున్న తొలి మహిళ ఆమే. జేబులోంచి తీసి ఇవ్వడం కాదు, ఎవరి జేబూ అక్కర్లేని ఏర్పాటు చేయడం ఇప్పుడు ఆమె పని.

మన సంగతి? చియాంగ్ మాయికి వెళ్లిన మన జట్టులో నిజామాబాద్ జిల్లా అమ్మాయి సౌమ్య గుగులోత్ ఉంది. పేరు పెరిగిందీ, పైకొచ్చిందీ ఎక్కువగా బయటి రాష్ట్రాల క్లబ్బులకు ఆడే. మన దేశంలో మహిళల లీగ్ మొదలైందే 2017లో. మన రెండు రాష్ట్రాల్లో ఫుట్‌బాల్ ఆడతానని ఒక అమ్మాయి అంటే, ఎక్కడ ఆడాలో చూపించడం ఇప్పటికీ కష్టమే. గెలిచిన రోజు స్టేటస్‌లు పెట్టేశాం, సన్మానాలు చేసేశాం. మంచిదే. శాలువా కప్పిన మరుసటి వారం ఆ ఊరి గ్రౌండ్‌లో ఆడపిల్లల మ్యాచ్ ఉందా లేదా? థాయ్‌లాండ్ కథ మనల్ని అడుగుతున్నది అదే.