ముప్పై అయిదు బిట్ల పెట్టె మనకెందుకండీ?

మావారు మోజుపడి కొని, రెండు ఆదివారాలు వాడి అటకెక్కించిన వస్తువుల్లో చెక్క పనికి వాడే రూటర్ ఒకటి. చిన్నది. వడ్రంగులు దాన్ని ట్రిమ్మర్ అంటారు. దాంతో పాటు ఎర్ర పెట్టెలో వరసగా గుచ్చిన 35 బిట్లు. చూడ్డానికి భలే ముచ్చటగా ఉంటాయిలెండి, మా పెళ్లికి ఎవరో ఇచ్చిన డిన్నర్ సెట్టులాగా. ఆ సెట్టులో సూప్ గిన్నెలు ఇన్నేళ్లయినా బయటికి రాలేదు.

రూటర్‌ని కిందికి దించింది నేనే. మా చిన్నాడు పరిగెత్తుకుంటూ వచ్చి హాల్లో టేకు టీపాయ్ మూలకు కొట్టుకున్నాడు. కనుబొమ్మ మీద మూడు కుట్లు. టీపాయ్ చేసిన ఆయనకి ఫోన్ చేస్తే "చిన్న పనేగా అమ్మా, వస్తాన్లే" అంటూ రెండు వారాలు తిప్పాడు. చిన్న పనే అయితే నేనెందుకు చేయకూడదు అనిపించింది.

రూటర్ అంటే మన మిక్సీ లాంటిదే అనుకోండి. మోటారు ఒకటే, ఏ బ్లేడు పెట్టామన్నదాన్ని బట్టి పని. అంచు గుండ్రం చేసే బిట్టు వేరు, గాడి తీసే బిట్టు వేరు. ఎర్ర పెట్టెలోంచి గుండ్రం చేసేది తీసి, ఒక పాత టేకు ముక్క మీద నడిపాను. అంచు పొడుగునా నల్లగా కాలిన మరకలు, ఇల్లంతా పొగ వాసన. మొద్దుబారిన కత్తిపీటతో టమాటాలు తరిగినట్టుంది. నేను భయపడుతూ మరీ నెమ్మదిగా నడపడం కూడా ఒక కారణమే, ఒప్పుకుంటాను.

సరే, మంచిది ఒక్కటి కొందామని హార్డ్‌వేర్ షాపుకి వెళ్లాను. మా మిషన్‌కి పావు అంగుళం కాడ ఉన్న బిట్టు కావాలి, అంటే 6.35 మిల్లీమీటర్లు. ఆయన 6 మిల్లీమీటర్లది ఇచ్చాడు. తేడా ఉందేమో అంటే "అంతా ఒకటేనమ్మా, డౌటుంటే సార్‌ని పంపించండి" అన్నాడు. సార్‌కి ఆ మిషన్ ఎటు తిరుగుతుందో కూడా గుర్తులేదు. కానీ నేనూ నోరు మూసుకుని తెచ్చేసుకున్నాను. అదే నా తప్పు. బిగించినప్పుడు బిగిసినట్టే ఉంది. నడుపుతుంటే బిట్టు మెల్లగా కిందికి జారి చెక్కను లోతుగా కొరికేసింది. నిమిషానికి 30,000 చుట్లు తిరిగే ఇనుము అది, పూర్తిగా ఊడొచ్చి ఉంటే? మిల్లీమీటరులో మూడో వంతు తేడా! పాలవాడు చుక్క తక్కువ పోస్తే పట్టుకునే వాళ్లం, ఇక్కడ మాత్రం మగవాళ్ల మాటే మాట అని ఎందుకు తలూపుతామో.

ఇన్నాళ్లు వాడాక నా అభిప్రాయం చెబుతున్నాను. ఇంటి పనికి మూడు బిట్లు చాలు. ఒకటి, కొసకి బేరింగ్ ఉన్న గుండ్రం బిట్టు. పిల్లలున్న ఇంట్లో 6 మిల్లీమీటర్ల వ్యాసార్థానికి తగ్గకండి, 3 అయితే ఆ పదును చేతికి ఇంకా తెలుస్తూనే ఉంటుంది. రెండోది, సన్‌మైకా అంచుని ప్లైవుడ్‌కి సమంగా కోసే బేరింగ్ బిట్టు. మూడోది, గాడి తీసే తిన్నని బిట్టు, 12 మిల్లీమీటర్లది. 18 ప్లైవుడ్‌కి 18 బిట్టే కొనమంటారు, వినకండి. ప్లైవుడ్ మీద ఏ అంకె వేసినా కొలిస్తే కాస్త తేడా వస్తూనే ఉంటుంది, అల్మరా అర వదులైపోతుంది. సన్న బిట్టుతో రెండుసార్లు నడుపుకుంటే ముక్కకి సరిపడా గాడి వస్తుంది. ఏది కొన్నా కోసే అంచు కార్బైడ్‌ది అయి ఉండాలి. ప్లైవుడ్‌లో ఉండే జిగురు మామూలు స్టీలుని ఇట్టే మొండి చేసేస్తుంది. పెట్టెలోని ఆ పెద్ద పెద్ద పువ్వుల్లాంటి బిట్లుంటాయే, వాటికి వేగం బాగా తగ్గించాలి. మా ట్రిమ్మర్‌కి వేగం తగ్గించే మీటే లేదు. ఇంకెందుకవి?

బిట్టు మార్చేటప్పుడు ప్లగ్ పీకేయండి. కాడ లోపలికి పూర్తిగా దించి, రెండు మూడు మిల్లీమీటర్లు వెనక్కి లాగి బిగించాలి. చున్నీ తీసేసి, జడ ముడేసి, గాజులు తీసి పక్కన పెట్టాల్సిందే, మంగళవారమైనా సరే. కళ్లద్దాలు ఉండాలి, చేతి తొడుగులు వద్దు.

టీపాయ్ సంగతి చెప్పలేదు కదూ. గుండ్రం బిట్టు అంచునే గుండ్రం చేస్తుంది, మూల మొన అలాగే ఉండిపోతుంది. అందుకని నాలుగు మూలల్లో స్టీలు గ్లాసు బోర్లించి గీత గీసి, ఆ మొనలు రంపంతో కోసి, ఉప్పుకాగితంతో నునుపు చేశాను. తర్వాత సరైన కాడ ఉన్న బిట్టు పెట్టి, అంచు నా ఎదురుగా ఉండేలా నిలబడి, ఎడమ నుంచి కుడికి నడిపాను. ముందు అడ్డు అంచులు, తర్వాత నిలువు అంచులు. ఒకేసారి లోతుగా కాకుండా మూడు విడతల్లో. బేరింగ్ ఆ వంపు వెంటే బుద్ధిగా తిరిగింది. మా అత్తగారు వచ్చి మూల మీద అరచేయి పెట్టి చూసి, పూజ మందిరానికి కూడా ఇలా చెయ్యమ్మా అన్నారు.

నిన్న రాత్రి మావారు ఫోన్ చూపిస్తూ 66 బిట్ల సెట్టు సగం ధరకే వస్తోందన్నారు. ముందు ఆ సూప్ గిన్నెలు దించండి, చూద్దాం అన్నాను.