ఉద్వాసన లేని కథ

పురాణవైరాగ్యం, ప్రసూతివైరాగ్యం, శ్మశానవైరాగ్యం అని అల్పకాలికమైన వైరాగ్యాలు మూడని పెద్దలు చెబుతారు. పురాణశ్రవణం ముగించుకొని ఇంటిదారి పట్టిన శ్రోతకు సంసారం నిస్సారంగా తోస్తుంది. ఇల్లు చేరి విస్తరి ముందు కూర్చునేసరికి ఆ భావం అంతరిస్తుంది. అందుకే లోకంలో ఈ మాటను పరిహాసంగానే వాడుతుంటారు. అల్పకాలికమైనంత మాత్రాన ఆ వైరాగ్యం అసత్యమని చెప్పడానికి మాత్రం వీలులేదు. ఆ కొద్దిసేపు శ్రోతకు కనిపించినది యథార్థమే. దానిని నిలుపుకొనే ఉపాయమే అతనికి తెలియలేదు.

ఈ మూడింటిలో మొదటిది నేడు పౌరాణికులెవ్వరూ ఊహించని ద్వారం గుండా యువకుల గదులలో ప్రవేశిస్తోంది. కథాప్రధానమైన ఒక వీడియోగేమును ఏకాంతంగా నలభై యాభై గంటలపాటు ఆడి ముగించినవాడిని చివరి దృశ్యం తరువాత ఒక శూన్యత ఆవరిస్తుంది. తెరపై నిర్మాతల పేర్లు సాగిపోతుంటాయి. చేతిలో కంట్రోలర్ ఉంటుంది, దానితో చేయవలసిన పని ఉండదు. మరునాడు ఆఫీసులో మనస్సు నిలవదు. మరో గేము తెరిస్తే రుచించదు. హైదరాబాదు అద్దెగదిలో ఉన్నవాడైనా, డల్లాసులో కొలువు చేస్తున్న తెలుగువాడైనా ఈ అవస్థను ఇంట్లో చెప్పుకోలేడు. చెబితే “ఆట అయిపోయిందని బెంగా? ఇంకా చిన్నపిల్లాడివా?” అని తల్లిదండ్రులు నవ్వుతారని అతనికి తెలుసు. ‘ఇప్పుడేం చేయాలి?’ అన్న అతని ప్రశ్న పైకి అల్పంగా కనిపించవచ్చు. వేదాంతజిజ్ఞాసువులు దానిని అల్పంగా చూడరాదు.

ఈ క్రీడలతో పరిచయం లేనివారి కోసం ఒక్క ఉదాహరణ చాలు. 2018 అక్టోబరులో రాక్‌స్టార్ గేమ్స్ సంస్థ విడుదల చేసిన ‘రెడ్ డెడ్ రిడెంప్షన్ 2’ కథ 1899 నాటి అమెరికాలో మొదలవుతుంది. నాయకుడు ఆర్థర్ మోర్గాన్ ఒక దోపిడీ ముఠా సభ్యుడు. ముఠాలోని వడ్డీవ్యాపారి ఇచ్చిన అప్పును వసూలు చేయడానికి అతడు థామస్ డౌన్స్ అనే రోగగ్రస్తుడైన పేదవాడి ఇంటికి వెళ్లి, అతణ్ణి నిర్దయగా కొడతాడు. ఆ రోగి దగ్గినప్పుడు నెత్తుటి తుంపరలు ఆర్థర్ ముఖాన పడతాయి. ఆ క్షణంలో అదొక ముఖ్యవిషయంగా ఎవరికీ తోచదు. ఎన్నో గంటల ఆట గడిచిన పిమ్మట సెయింట్ డెనిస్ నగరవీథిలో ఆర్థర్ దగ్గుతూ కూలిపోతాడు. వైద్యుడు పరీక్షించి క్షయ అని నిర్ధారిస్తాడు. ఆ కాలంలో దానికి ఔషధం లేదు. ఈలోగా డౌన్స్ మరణించాడు, అతని భార్య ఈడిత్ నిరాధార అయింది.

కర్మసిద్ధాంతబోధ ఉద్దేశ్యం కాని ఒక కల్పితకథలో కర్మఫలం ఇంత సూటిగా కర్తను వెదుక్కుంటూ రావడం గమనార్హం. అంతకన్న గమనార్హమైనది మరొకటుంది. కొట్టినవాడు ఆర్థర్, బటన్ నొక్కినవాడు ఆటగాడు. ధర్మరాజు జూదానికి కూర్చుంటే భారతపాఠకుడు వద్దు వద్దని లోలోపల ఆక్రోశించగలడు, కాని పాచికలు అతని చేతిలో లేవు. ఈ క్రీడలో పాచికలు ఆటగాడి చేతిలోనే ఉన్నాయి. కథ ముందుకు సాగాలంటే ఆ వసూలుకు వెళ్లక తప్పదు. వెళ్లినవాడికి చేసినవాణ్ణి నేనేనన్న కర్తృత్వభావన ఏదో ఒక మేరకు అంటక తప్పదు. అందువల్ల కథాంతంలో కలిగే దుఃఖం కేవలం ప్రేక్షకుని దుఃఖం కాదు. దానిలో పశ్చాత్తాపపు అంశ కూడా ఉంది.

సత్ప్రవర్తనతో ఆడి, చివరకు మిత్రుడు జాన్ మార్స్టన్‌ను రక్షించే దారి ఎన్నుకున్న ఆటగాడి ఆర్థర్ కొండపై సూర్యోదయాన్ని చూస్తూ ప్రాణం విడుస్తాడు. దుష్ప్రవర్తనతో ఆడినవాడికి ఆ శాంతి దక్కదు. మరణం మాత్రం ఉభయత్ర సమానం. ఆ తరువాత వచ్చే ఉత్తరకథ 1907 నాటిది. అక్కడ ఆటగాడు జాన్ దేహంలో మేల్కొంటాడు. నిన్నటివరకు ‘నేను’ అనుకొన్న దేహం సమాధిలో ఉంది; నేడు ‘నేను’ అంటున్నది ఇతరుని దేహం. ఆర్థర్ రాసుకొంటూ వచ్చిన దినచర్యపుస్తకం జాన్ చేతికి వస్తుంది, మిగిలిన పుటలను జాన్ నింపుతాడు. దేహాంతరప్రాప్తిని గురించి గీతాప్రవచనాలలో వందసార్లు విన్నవాడికి కూడా ఆ మొదటి కొన్ని నిమిషాల తికమక కొత్తగానే ఉంటుంది.

ఇక్కడ భారతీయసంప్రదాయంలోని ఒక సూక్ష్మమైన వివేకం స్మరణీయం. మన పెద్దలు ఏ కథలోకైనా, ఏ క్రతువులోకైనా ప్రవేశించడానికి విధి చెప్పినట్లే, దానిలో నుండి బయటికి రావడానికీ విధి చెప్పారు. యజ్ఞం ముగిస్తే అవభృథస్నానం. సంస్కృతనాటకం ముగిస్తే భరతవాక్యం. రామాయణపారాయణకు పట్టాభిషేకం, హరికథకు మంగళం, పురాణానికి ఫలశ్రుతి. వినాయకచవితి పూజ ముగిశాక మట్టిప్రతిమను కాస్త కదిపి ఉద్వాసన చెబుతారు. ఆవాహన చేసిన దేవతను ఊరికే వదిలి లేచిపోవడం ఉండదు. భావనతో నిర్మించిన లోకాన్ని భావనతోనే ఉపసంహరించాలి, లేకుంటే చిత్తం సగం అక్కడే చిక్కుకొంటుందన్న మనస్తత్త్వజ్ఞానం దీని వెనుక ఉంది. వీడియోగేము ఆవాహన మహాడంబరంగా చేస్తుంది. ఉద్వాసన మాత్రం దానికి తెలియదు. పేర్ల జాబితా పూర్తయ్యాక ఆటగాణ్ణి తిరిగి మొదటి మెనూ ముందు నిలబెడుతుంది, లేదా తెరచి ఉన్న ప్రపంచంలో దిమ్మరిలా వదిలేస్తుంది.

కనుకనే చాలామంది ఆ శూన్యతను వెంటనే ఏదో ఒకదానితో పూడ్చాలని చూస్తారు. కొందరు ఆ రాత్రే మరో గేము కొంటారు. దుకాణం కోరేదీ అదే. మరికొందరు శేషకార్యాల వేటలో పడతారు. పైన చెప్పిన గేములోనే పన్నెండు వరుసలలో 144 సిగరెట్ కార్డులు ఏరుకోవడానికి ఉన్నాయి. క్షయతో ఒక మనిషి మరణించడం చూసి కన్నీరు పెట్టినవాడు గంట గడవకముందే సిగరెట్ కార్డులు ఏరుకోవడం విచిత్రమే! 2015లో వచ్చిన ‘ది విచర్ 3’ వంటి వాటిలో ‘న్యూ గేమ్ ప్లస్’ అనే సౌకర్యం ఉంది. సంపాదించిన శక్తులతో, ఆయుధాలతో అదే కథను మళ్లీ మొదటినుండి ఆడవచ్చు. సంస్కారాలను మూటగట్టుకొని జీవుడు మరల అదే సంసారంలో పడటానికి ఇంతకన్న స్పష్టమైన దృష్టాంతం ఏ వ్యాఖ్యాతకూ దొరికి ఉండదు. ఇక అర్ధరాత్రి విరక్తితో కన్సోల్ అమ్మేస్తానని శపథం చేసేవారున్నారు. అది శ్మశానవైరాగ్యం కోవలోనిది; వారాంతం వరకు కూడా నిలవదు.

వీరందరికన్న ఎక్కువ పొరపాటు పడేవారు ‘అంతా మాయే కదా, బెంగ ఎందుకు?’ అని తేల్చివేసే పెద్దలు. ఈ వాక్యానికి అద్వైతపు రంగు ఉంది, సారం లేదు. సొంత పొలం గట్టు జరిగినప్పుడు జ్ఞాపకం రాని మాయ, ఎదుటివాడి దుఃఖం చూసినప్పుడు మాత్రమే జ్ఞాపకం రావడం వేదాంతం కాదు. హరికథలో సీతాపరిత్యాగఘట్టం వచ్చినప్పుడు ఉత్తరీయంతో కళ్లు ఒత్తుకొనే పెద్దలు, కథకు ఏడవడం అవివేకమని ఎలా అనగలరు? సహృదయుని శోకం వ్యక్తిగతశోకం కాదనీ, సాధారణీకరణం పొంది కరుణరసంగా పరిణమిస్తుందనీ భట్టనాయకాభినవగుప్తులు నిరూపించారు. వాల్మీకి శోకించినదీ తనకు బంధువు కాని ఒక పక్షి కోసమే. రాముని కథకూ పాశ్చాత్యదేశపు దొంగల కథకూ గల అంతరం హస్తిమశకాంతరం, సందేహం లేదు. ఒకటి ధర్మాన్ని స్థాపించడానికి చెప్పబడింది, మరొకటి విక్రయించడానికి నిర్మించబడింది. కాని ద్రవించిన హృదయం ఒక్కటే. దేనివల్ల ద్రవించినా, ద్రవించిన వేళ దానిపై ముద్ర వేయవచ్చు.

ఈ విషయంలో యోగవాసిష్ఠంలోని లవణోపాఖ్యానం వంటి మార్గదర్శి మరొకటి లేదు. లవణమహారాజు కొలువులో ఒక ఐంద్రజాలికుడు నెమలిపింఛపు కుంచెను ఆడిస్తాడు. రాజు ఎదుట ఉన్న గుఱ్ఱాన్ని చూస్తూ కొద్దిసేపు నిశ్చేష్టుడవుతాడు. సభకు అది కొద్దిసేపే, రాజుకు ఒక జీవితకాలం. ఆ గుఱ్ఱం అతణ్ణి అరణ్యంలోకి ఈడ్చుకుపోతుంది. ఆకలితో అలమటిస్తుండగా అన్నం తీసుకుపోతున్న ఒక నిరుపేద కన్య కనిపిస్తుంది. ఆమెను వివాహమాడి ఆ పల్లెలోనే కాపురముంటాడు. బిడ్డలు పుడతారు, వార్ధక్యం వస్తుంది, కరవు వస్తుంది. ఆకలితో ఏడ్చే చిన్నబిడ్డను చూడలేక అగ్నిలో దూకబోయిన క్షణంలో రాజు సింహాసనం మీద కళ్లు తెరుస్తాడు. ఆట ముగిసింది. ఇప్పుడేం చేయాలి?

లవణుడు ఏం చేశాడన్నదే ఇక్కడ సారం. అతడు ఐంద్రజాలికుణ్ణి మరొక ఇంద్రజాలం చూపమనలేదు. భ్రమ అని కొట్టివేసి రాజకార్యాలలో మునగలేదు. చూసినదంతా సభకు వినిపించాడు. మరునాడు పరివారంతో బయలుదేరి వింధ్యారణ్యంలో ఆ పల్లెను వెదికాడు. అక్కడ కూతురినీ అల్లుణ్ణీ మనుమలనూ కోల్పోయి విలపిస్తున్న ఒక వృద్ధ కనిపించింది. ఆమె దుఃఖగాథను విన్నాడు. స్వప్నంవంటి అనుభవం జాగ్రత్తులో ఎలా ఎదురైందన్న తత్త్వచర్చను వసిష్ఠుడు ఆ పైన విస్తరించాడు. సాధకుడు గ్రహించవలసినది లవణుని క్రమం. మొదట చెప్పుకొన్నాడు, పిమ్మట వెదికాడు, దొరికినచోట ఒక వృద్ధురాలి మాట విన్నాడు.

ఈ క్రమాన్ని నేటి ఆటగాడికి అన్వయించడం దుష్కరం కాదు. కథ ముగిసేది సాధారణంగా రాత్రి రెండు గంటలకు కనుక, ముందు నిద్రపోవాలి. మరునాటి స్నానమే అవభృథం. ఆ తరువాత ఒక్కసారి ఆ లోకంలోకి వెళ్లి, జాన్ దేహంతోనే కొండమీది ఆర్థర్ సమాధి దగ్గర కాసేపు నిలిచి, మరే పనీ పెట్టుకోకుండా కన్సోల్ కట్టేయాలి. ఉద్వాసన అంటే అదే. కొన్నాళ్లు మరో గేము తెరవకుండా ఉండగలిగితే ఆ ఖాళీ విచారణకు పనికివస్తుంది. ఆర్థర్ పోయాడు, ‘నేను’ అన్న స్ఫురణ పోలేదు. జాన్ వచ్చాడు, ఆ స్ఫురణ మారలేదు. తెర ఆరిపోయింది, ఆరిన తెరను చూస్తున్నది ఏది? సాక్షివిచారం చేయమంటే ఎక్కడ మొదలుపెట్టాలో తెలియక తడబడే సాధకునికి ఈ మొదలు చాలు.

అయితే ఈ విచారాన్ని దుఃఖం నుండి పారిపోయే దొడ్డిదారిగా వాడుకొనే ప్రమాదం ఉంది. ‘నేను సాక్షిని, కొట్టినవాణ్ణి కాను’ అనుకోవడం సులభం. కథ చివరి అధ్యాయంలో ఆర్థర్‌కు ఈడిత్ డౌన్స్ మళ్లీ ఎదురవుతుంది. ఆమెకూ ఆమె కుమారుడికీ ధనమిచ్చి, ఆ ఊరు విడిచి కొత్త జీవితం ఆరంభించేలా సాయపడవచ్చు. అది తప్పనిసరి ఘట్టం కాదు. పట్టించుకోకుండా సాగిపోయినా కథ ఆగదు. అక్కడ ఆగి సాయపడిన ఆటగాడు కంట్రోలర్ పక్కన పెట్టాక తన ఈడిత్ ఎవరో వెదకవలసి ఉంటుంది. పరుషంగా మాట్లాడి రెండేళ్లుగా పలకరించని అన్నగారు కావచ్చు, జీతంలో కోత పెట్టిన పనిమనిషి కావచ్చు, తీర్చని చేబదులు కావచ్చు. లవణుడు వింధ్యకు వెళ్లినట్లు అక్కడికి వెళ్లాలి.

చెప్పుకోవడం ఇంకా మిగిలి ఉంది. సూతుడు చెప్పగా శౌనకాదులు విన్నారు. పరీక్షిత్తు వినబట్టే శుకుడు చెప్పాడు. వినేవాడు లేని పురాణం మన వాఙ్మయంలో లేదు. ఏకాంతక్రీడకు లేనిది ఆ శ్రోతయే. ఆదివారం ఫోనులో “బాగున్నావా, భోజనం చేశావా” దగ్గర ఆగిపోయే తల్లితో “అమ్మా, ఒక కథ చెప్పనా?” అని అనడానికి కొడుకు సంకోచించనక్కరలేదు. ఆమె నవ్వవచ్చు. అప్పు కోసం కొట్టడం, ఆ రోగమే తిరిగి అంటడం, ఆ విధవరాలు వీథిన పడటం వరకు కథ వచ్చేసరికి “తరువాత ఆ అమ్మాయి ఏమైంది నాయనా?” అని ఆమె అడుగుతుంది.