కాలిబాటను కొలిచిందెవరు?

చంకలో పసిపిల్ల, చేతిలో కూరల సంచి, కొంగు పట్టుకుని బడి నుంచి వస్తున్న ఇంకో బిడ్డ. సాయంత్రం పూట ఏ ఊళ్లో ఏ రోడ్డు మీద నిలబడినా కనిపించే స్త్రీ ఈమె. ఈమె నడిచే దారిని గీసినవాళ్లెవరు? గీసేటప్పుడు వాళ్ల కళ్లముందు ఈమె ఉందా? నగర ప్రణాళిక అంటే ఇంజనీర్ల వ్యవహారమనీ, మనకు అర్థం కాని నక్షాల వ్యవహారమనీ అనుకోవడం మనకు అలవాటైపోయింది. హక్కుల గురించి మాట్లాడినప్పుడు మనం ఆస్తి గురించి మాట్లాడాం, కూలీరేట్ల గురించి, ఇంట్లోనూ వీధిలోనూ జరిగే హింస గురించి మాట్లాడాం. మాస్టర్ ప్లాన్ గురించి మాట్లాడింది చాలా తక్కువ. అందుకే ఈసారి సంపాదకీయంలో, ఒక నగర పాలనలో ఉద్యోగం చేస్తూ ఈ ప్రశ్నను ఫైళ్లకెక్కించిన ఒక ప్లానర్ గురించి రాస్తున్నాం.

ఆమె పేరు ఈవా కైల్. ఆస్ట్రియా రాజధాని వియన్నా నగర పాలనలో పనిచేశారు. 1991లో ఆమె, సహోద్యోగి యుట్టా క్లీడోర్ఫర్‌తో కలిసి ఒక ఫోటో ప్రదర్శన ఏర్పాటు చేశారు. బహిరంగ స్థలం ఎవరిది అన్నదే దాని పేరు. అందులో గొప్ప కట్టడాల బొమ్మలేమీ లేవు. మామూలు స్త్రీలు పొద్దున లేచి ఎక్కడెక్కడికి వెళతారో, ఎలా వెళతారో, దారిలో ఎక్కడ ఆగుతారో చూపించే ఫోటోలు అవి. అంతే. కానీ ఆ ఫోటోలు పక్కపక్కన పెట్టి చూస్తే ఒక సంగతి బయటపడింది. నగరం కార్లలో ఆఫీసుకు వెళ్లి తిరిగొచ్చేవాళ్ల కోసం కట్టబడింది. ఆ నగరంలో కారు ప్రయాణాల్లో మూడింట రెండు వంతులు మగవాళ్లవి. నడకలో మూడింట రెండు వంతులు ఆడవాళ్లది. నడిచేవాళ్ల గురించి ఆలోచించే శాఖ అంటూ లేదు.

ఆ మరుసటి ఏడు, 1992లో, నగర పాలన స్త్రీల వ్యవహారాల కోసం ఒక కార్యాలయాన్ని ఏర్పాటు చేసి దాని బాధ్యత ఆమెకు అప్పగించింది. తర్వాత 1998 నుంచి, రోజువారీ జీవితానికీ స్త్రీల అవసరాలకూ తగినట్టు ప్రణాళిక, నిర్మాణం సాగేలా చూసే సమన్వయ విభాగాన్ని 2009 దాకా నడిపారు. ప్రభుత్వంలో సమన్వయం అనే మాటకు అర్థం తెలియనివాళ్లెవరు? డబ్బు ఇంకో శాఖది, స్థలం ఇంకో శాఖది, సంతకం ఇంకొకరిది. ఒప్పించే పని మాత్రం మనది. అయినా ఆమె ఒక పద్ధతి పట్టుకున్నారు. ఉపన్యాసాలు చెప్పి మార్చాలని కాకుండా, ఒకచోట చిన్నగా చేసి చూపించడం, ఫలితాన్ని లెక్కగట్టడం, ఆ లెక్కను మిగతా శాఖల ముందు పెట్టడం. అలా ప్రయోగాత్మకంగా చేపట్టిన పనులు కాలక్రమంలో అరవై దాటాయి.

వాటిలో మొదటిది ఇళ్లు. 1993లో స్త్రీ ఆర్కిటెక్టుల మధ్య పోటీ పెట్టి, ఫ్లోరిడ్స్‌డోర్ఫ్ ప్రాంతంలో 357 ఫ్లాట్ల సముదాయం కట్టించారు. 1997కల్లా పూర్తయింది. ఫ్రాన్సిస్కా ఉల్మన్, గిసెలా పొద్రెకా, ఎల్సా ప్రొహాజ్కా, లీజెలొట్టె పెరెత్తి దాని రూపకర్తలు. వంటింట్లో నిలబడితే పిల్లలు ఆడుకునే చోటు కనిపిస్తుంది. ప్రతి అంతస్తులోనూ పిల్లల బండి పెట్టుకునే జాగా ఉంది. మెట్లు వెడల్పుగా, వెలుతురుగా ఉన్నాయి. పిల్లల బడి ఆవరణలోనే ఉంది. దానికి మార్గరెటె షుటె-లిహోట్స్కీ పేరు పెట్టారు. 1926లో ఫ్రాంక్‌ఫర్ట్ వంటగదిని రూపొందించిన వియన్నా ఆర్కిటెక్టు ఆమె. వంట తప్ప ఇంకేదీ కట్టనివ్వరా అని మనలో కొందరికి అనిపించవచ్చు. మాకూ అనిపించింది. దాని సంగతికి మళ్లీ వద్దాం.

పార్కుల కథ మమ్మల్ని ఎక్కువ ఆలోచింపజేసింది. తొమ్మిది, పదేళ్లు దాటాక ఆడపిల్లలు పార్కులకు రావడం మానేస్తున్నారని 1996-97 ప్రాంతంలో జరిపిన పరిశీలనలో తేలింది. మగపిల్లలు మాత్రం వస్తూనే ఉన్నారు. ఎవరూ వాళ్లను రావద్దనలేదు, గేటు దగ్గర కాపలా లేదు. ఉన్నదల్లా ఒకే పెద్ద మైదానం. అందులో పోట్లాడి చోటు సంపాదించాలి. ఆడపిల్లలు పోట్లాడలేదు, ఇంటికి వెళ్లిపోయారు. మన దగ్గరైతే దీన్ని పెద్దమనిషి కావడంతో, పరువుతో ముడిపెట్టి సహజమేనని వదిలేస్తాం. అక్కడ మాత్రం ఆ మైదానం గీసిన తీరులో తప్పు వెతికారు. 1999లో మార్గరేటెన్ ప్రాంతంలో రెండు పార్కులను మార్చారు. మైదానాన్ని విడగొట్టి వాలీబాల్, బ్యాడ్మింటన్ వంటి ఆటలకు వేరే చోట్లు, కూర్చుని కబుర్లు చెప్పుకునే చోట్లు, మరిన్ని కాలిదారులు కల్పించారు. ఆడపిల్లలు తిరిగొచ్చారు.

అదే 1999లో నగరంలోని తొమ్మిదో డిస్ట్రిక్టులో జనం ప్రయాణాల గురించి ఒక ప్రశ్నావళి పంచారు. చాలామంది మగవాళ్లు అయిదు నిమిషాల్లోపే నింపి ఇచ్చేశారు. పొద్దున వెళతాం, సాయంత్రం వస్తాం. ఆడవాళ్లు మాత్రం రాస్తూనే ఉన్నారట. పిల్లను డాక్టరు దగ్గరికి, ఆ తర్వాత బడికి, అక్కడి నుంచి పనికి, వస్తూ సరుకులకు, ముసలి తల్లి ఇంటికి. ఒక ప్రయాణం కాదది, ప్రయాణాల గొలుసు. 2002లో మరియాహిల్ఫ్ డిస్ట్రిక్టును ప్రయోగశాలగా తీసుకుని కాలిబాటలు వెడల్పు చేశారు, దీపాలు పెంచారు, కూర్చోడానికి బల్లలు వేశారు. 2013లో ఈ అనుభవాన్నంతా ఒక కరదీపికగా నగర పాలన ప్రచురించింది.

ఇక వంటింటి ప్రశ్న. పిల్లల బండికి జాగా ఇవ్వడమంటే పిల్లల పని ఆడదానిదేనని గోడకెక్కించి ఖాయం చేయడం కాదా? వియన్నాలోనూ ఈ వాదన నడిచింది. స్త్రీల అవసరాలు అన్న మాట స్థానంలో జెండర్ అన్న మాట వచ్చింది. మా అభిప్రాయంలో ఇది తేలిగ్గా తీసిపారేయాల్సిన వాదన కాదు. అలాగని చాకిరీ సమానమయ్యేదాకా మెట్లు ఇరుకుగానే ఉండనివ్వమని చెప్పలేం. ఈ రోజు బిడ్డను ఎత్తుకుని మెట్లెక్కుతున్నది ఎవరో, వెడల్పు మెట్లు ఈ రోజే వాళ్లకు కావాలి. ఇంకో మాట కూడా చెప్పుకోవాలి. అదే నగరంలో మునిసిపాలిటీ సొంత ఇళ్లు 2006 దాకా యూరోపియన్ యూనియన్ బయటి నుంచి వచ్చిన వలస కుటుంబాలకు దాదాపు అందలేదు. స్త్రీలందరూ ఒకటే అనుకుని గీసిన నక్షా ఏదైనా సగం నక్షానే.

మన దగ్గర లెక్క ఎలా ఉంది? జనం పనిచేసే చోటికి ఎంత దూరం, ఎలా వెళుతున్నారని మన దేశంలో జనాభా లెక్కలు 2011లో అడిగాయి. అందులోనూ వ్యవసాయం, ఇంటి పరిశ్రమ పనులు చేసేవాళ్లను ఆ పట్టిక నుంచి మినహాయించారు. రేషను షాపుకు, ఆస్పత్రికి, బడికి నడిచిన నడక అందులో ఎక్కడా లేదు. 2023 డిసెంబరులో తెలంగాణలో, 2025 ఆగస్టులో ఆంధ్రప్రదేశ్‌లో స్త్రీలకు ఉచిత బస్సు వచ్చింది. బస్సులు నిండిపోతున్నాయని వెక్కిరించినవాళ్లను చూశాం. ఇంతకాలం చార్జీకి డబ్బుల్లేక ఇంట్లో ఉండిపోయినవాళ్లు ఎంతమందో ఆ రద్దీ చెబుతున్నది కదా! కానీ ఇంటి నుంచి బస్టాపు దాకా ఉన్న ఆ అరకిలోమీటరు? రాత్రిపూట ఆ దీపం లేని మలుపు?

మూడు లక్షలు దాటిన పట్టణాల్లో వార్డు కమిటీలు ఉండాలని 74వ రాజ్యాంగ సవరణ చెప్పింది. మాస్టర్ ప్లాన్ ముసాయిదాను ప్రచురించి అభ్యంతరాలు, సూచనలు తీసుకోవాలని 1975 నాటి పట్టణాభివృద్ధి చట్టంలో ఉంది. ఆ ప్రకటన పేపర్లో మూలన వస్తుంది, గడువు అయిపోతుంది. స్థలాల వ్యాపారులకు మాత్రం ఎప్పుడూ తెలుస్తుంది.

పాఠకులకు ఒక విజ్ఞప్తి. ఏదైనా ఒక రోజు తీసుకోండి. పొద్దున గడప దాటినప్పటి నుంచి రాత్రి తిరిగి వచ్చేదాకా ఎన్నిసార్లు బయటికి వెళ్లారు, ఎక్కడ నడిచారు, ఎక్కడ కాలిబాట లేక రోడ్డు మీదికి దిగారు, మూత్రానికి వెళ్లే చోటు లేక ఎంతసేపు ఓర్చుకున్నారు, ఏ సందు తప్పించుకుని చుట్టూ తిరిగి వచ్చారు, రాసి మాకు పంపండి. చదువురాని అక్కచెల్లెళ్లు చెబితే మీరు రాయండి. వచ్చే సంచికలో అచ్చువేసి, ఆ కట్టను వార్డు ఆఫీసులో ఇచ్చి రసీదు తీసుకుంటాం.